అలిగిన రోజు కూడా పండుగలోదే

దసరా సెలవులు మొదలయ్యే వారంలో నల్లగొండ, మహబూబ్‌నగర్ బస్టాండ్లు చూడాలి. హైదరాబాదు హాస్టళ్ల నుంచి పిల్లలు దిగుతుంటారు, వీపున పుస్తకాల బ్యాగు, చేతిలో ఉతకని బట్టల సంచి. బొంబాయి, పుణె దాకా పనికి పోయిన తల్లిదండ్రులు దిగుతుంటారు, నెత్తిన మూట, చంకలో చిన్నది. ఏడాది మొత్తంలో అందరూ ఒకే కప్పు కింద పడుకునే రాత్రులు ఇవే. మొదటి పూట ఇల్లు కళకళలాడుతుంది. తెల్లారేసరికి మాటలు అడుగంటుతాయి.

"తిన్నవా?"

"ఆ."

"పరీక్షలు ఎట్ల రాసినవ్?"

"మంచిగనే."

"మార్కులు ఎన్నొచ్చినయ్?"

"వచ్చినయ్ తియ్ నాయినా."

అంతే. కొడుకు ఫోను పట్టుకుని డాబా ఎక్కుతాడు, తండ్రి బయటికొచ్చి అరుగు మీద కూర్చుంటాడు. ఇద్దరి మధ్యా పగ లేదు, పంచాయితీ లేదు. ఉన్నదల్లా చాలాకాలంగా పేరుకున్న ఎడం.

ఈ మెట్టప్రాంతంలో ఆ ఎడం ఒక్కరోజులో వచ్చింది కాదు. పాలమూరు (మహబూబ్‌నగర్) కూలీ చెయ్యి పడని ప్రాజెక్టు దేశంలో అరుదు అంటారు. మేస్త్రీ దగ్గర అడ్వాన్సు తీసుకుని, పిల్లల్ని అవ్వాతాతల దగ్గర వదిలి, దసరాకో పీర్ల పండక్కో తిరిగొచ్చే బతుకులు ఇక్కడ తరాలుగా నడుస్తున్నాయి. నల్లగొండ వైపు కథ కొంచెం వేరు. అక్కడ ఊరు వదిలేది ఎక్కువగా పిల్లలే. నాలుగో తరగతి అయ్యీ కాకముందే గురుకులం సీటు, పది కాగానే హైదరాబాదులో కార్పొరేట్ కాలేజీ. తండ్రి ప్రేమంతా ఫీజు రసీదులో ఉంటుంది. కొడుకు కృతజ్ఞత ర్యాంకులో కనపడాలి. కనపడకపోతే ఇద్దరూ ఓడిపోయినట్టే. నిజానికి ఈ తల్లిదండ్రులు పిల్లల కోసం పడ్డంత కష్టం ఇంకెవరి కోసమూ పడి ఉండరు. ఆ కష్టమే వాళ్లను పిల్లలకు దూరం చేసింది. ఇందులో ఎవరినీ తప్పుపట్టలేం.

అయితే దూరం తగ్గించుకోవడానికి మనకు తెలిసిన పద్ధతి ఒక్కటే, ఎదురుగా కూర్చోబెట్టి అడగడం. మన ఇళ్లలో పెద్దలు పిల్లలతో మాట్లాడే మాటల్లో ఎక్కువ ప్రశ్నలే. ఎక్కడికి పోయినవ్, ఎవరితో పోయినవ్, ఎందుకు లేటయింది, ఎంత ఖర్చు పెట్టినవ్. కోర్టు బోనులో సాక్షి చెప్పినట్టు పిల్లలు కూడా అడిగినంతకే జవాబు చెప్పడం నేర్చుకుంటారు. పదిహేనేళ్లు దాటినవాణ్ణి "మనసు విప్పి మాట్లాడు" అని నిలదీస్తే ఉన్న రెండు మాటలూ లోపలికి పోతాయి. కళ్లలోకి చూడాల్సిన పని లేకుండా, చేతుల్లో ఏదో ఒకటి పెట్టుకుని పక్కపక్కన కూర్చున్నప్పుడు వచ్చే మాట వేరు. చిక్కుడుకాయల ఈనెలు తీస్తూనో, ధాన్యం చెరుగుతూనో ఆడవాళ్లు ఎన్ని గుట్లు విప్పుకున్నారో ఈ జిల్లాల్లో ప్రతి అరుగుకూ తెలుసు. తండ్రీకొడుకులకు అలాంటి పనులే కరువయ్యాయి.

కలిసి ఒక వస్తువు తయారుచేసే ఇళ్లు ఇక్కడ లేవా అంటే, దండిగా ఉన్నాయి. పాత నల్లగొండ జిల్లాలోని పోచంపల్లి, పుట్టపాక, కొయ్యలగూడెం, పాత మహబూబ్‌నగర్‌లోని గద్వాల, నారాయణపేట. మగ్గం ఒక్కరే నేస్తున్నట్టు కనపడుతుంది గానీ, పోచంపల్లి వైపు నేసే ఇక్కత్ చీర వెనుక ఇల్లంతా ఉంటుంది. రాట్నం తిప్పి కండెలు చుట్టేవాళ్లు ఒకరు, ఆసు పోసేవాళ్లు ఒకరు, ఆసు పోసిన నూలు మీద గీతలు గీసి, రబ్బరు పట్టీలతో చిటికి కట్టేవాళ్లు ఇంకొకరు. కట్టిన చోట రంగు అంటదు, కట్టని చోట అంటుతుంది. ఒక రంగు అద్ది, కట్లు విప్పి, మళ్లీ కట్టి ఇంకో రంగు అద్దుతారు. నెయ్యకముందే బొమ్మ నూలులో దాక్కుని ఉంటుంది. తేలియా రుమాలులోనైతే పడుగుకూ పేకకూ రెంటికీ చిటికి కడతారు. మగ్గం మీద రెండూ సరిగ్గా కలవాలి. నూలుపోగంత తప్పు జరిగినా బొమ్మ చెదిరిపోతుంది. ఈ విద్యకు పుట్టపాక అనే ఒక్క ఊరికే 2011లో గజం గోవర్ధన్‌కు, 2013లో గజం అంజయ్యకు పద్మశ్రీలు వచ్చాయి.

తల్లీబిడ్డల సంగతి చెప్పుకునేటప్పుడు ఆలేరు దగ్గరి శారాజీపేట చింతకింది మల్లేశంను తలవకుండా ఉండలేం. ఆరో తరగతితో బడి మానేసిన పిల్లవాడు. తల్లి లక్ష్మి ఆసు పోసేది. ఒక చీరకు పోగును కొయ్యమేకుల చుట్టూ తిప్పడానికి చెయ్యి తొమ్మిది వేల సార్లు అటూ ఇటూ ఆడాలి. రోజుకు రెండు చీరలంటే 18 వేల సార్లు. భుజం గూడు జారిపోయేంత నొప్పి. 1992లో మొదలుపెట్టి, అప్పులు చేసి, ఊరివాళ్ల నవ్వులు భరించి, మధ్యలో హైదరాబాదు పోయి కూలి చేసుకుంటూ, 1999లో ఆయన ఆసు యంత్రం పూర్తిచేశాడు. దానికి తల్లి పేరే పెట్టాడు. గంటలకొద్దీ పట్టే పని గంటన్నరకు వచ్చింది. 2017లో పద్మశ్రీ, 2019లో ఆయన కథతో సినిమా. అమ్మ భుజం నొప్పి తనకు తెలుసని ఒక కొడుకు చెప్పిన తీరు అది. నోటితో చెప్పి ఉంటే ఒక్క వాక్యం. చేతితో చెప్పడానికి ఏడేళ్లు పట్టింది, ఎన్నో ఇళ్లలో అమ్మలకు ఊరట దొరికింది.

కానీ మగ్గం ఉన్న ఇళ్లలో అన్ని కథలూ ఇలా ముగియవు. కలిసి పనిచేస్తే చాలు, మనసులు కలుస్తాయనుకుంటే పొరపాటు. మగ్గం మీద అన్నం ఉంది. చిటికి వదులైతే రంగు దిగుతుంది, రంగు దిగితే సేటు ధర కోస్తాడు. అందుకే ఆ ఇంట్లో తండ్రి ముందు మేస్త్రీ, ఆ తర్వాతే నాయిన. పిల్లవాడు బడి నుంచి రాగానే కండెలు చుట్టాలి. తప్పు చేస్తే తిట్టు, బాగా చేస్తే మౌనం. అలా పెరిగినవాడు పెద్దయ్యాక మగ్గం గుంటలోకి దిగనంటే ఆశ్చర్యం లేదు. అంతకంటే బాధ కలిగించేది ఇంకొకటి ఉంది. "నా కష్టం నీకొద్దు బిడ్డా, సదువుకో" అని తండ్రి అంటాడు. గుండెల్లోంచి వచ్చిన మాట అది. కొడుకు చెవికి మాత్రం "ఈ పనికి నువ్వు పనికిరావు" అన్నట్టు వినపడుతుంది. కొన్నేళ్లకు ఆ కొడుకు హైదరాబాదులో ఏ దిల్‌సుఖ్‌నగర్ గదిలోనో ఉండి పండక్కి వస్తాడు. మగ్గం ఎలా నడుస్తోందని అడగడు. తన పనిని చిన్నచూపు చూస్తున్నాడని తండ్రి అనుకుంటాడు, తనను బయటికి నెట్టిందే ఆయన కదా అని కొడుకు అనుకుంటాడు. ఇద్దరి మాటలోనూ నిజముంది.

కాబట్టి వెతకాల్సింది అన్నం మీద ఆధారపడని పని. ధర కట్టనిది, మార్కులు వెయ్యనిది, పాడైతే ఎవరి కొంపా మునగనిది. అలాంటి పని ఏటా భాద్రపద అమావాస్య నాడు మన గడపలోకే వచ్చి, తొమ్మిది రోజులు ఉండి పోతుంది.

బతుకమ్మ ఆడవాళ్ల పండుగ, నిజమే. ఆడేది, పాడేది వాళ్లే. పూలు తేవడం మాత్రం మొదటినుంచీ మగవాళ్ల పని, మగపిల్లల పని. తెల్లారకముందే గోనెసంచి భుజాన వేసుకుని చెలకల వెంట, గుట్టల వెంట పోయేది వాళ్లే. ఇప్పుడు ఆ పని కొంత కష్టమైంది. గునుగు జొన్నచేలలో తనంతట తానే మొలిచేది. జొన్న పోయి పత్తి వచ్చింది, పత్తితోపాటు కలుపు మందు వచ్చింది, గునుగు గట్ల మీదికి తప్పుకుంది. తంగేడు మన రాష్ట్ర పుష్పం అయితే అయింది గానీ, ఊరి చుట్టూ ప్లాట్లు పడ్డ చోట దాని కోసం కిలోమీటర్లు నడవాలి. బజార్లో కొనుక్కుంటే సరిపోతుందని చాలామంది ఆ నడకే మానేశారు. మా మాట వినేవాళ్లుంటే చెబుతాం, కొనకండి. పూలు దొరకని దూరం తండ్రీకొడుకులకు లాభమే. గట్టు మీద ఒకరి వెనక ఒకరు నడిచేటప్పుడు మొహం చూసి మాట్లాడనక్కర్లేదు. "ఈ చెలక మనదేనా నాయినా?" అని కొడుకు అడగడం, "మనదే ఉండె, నీ అక్క పెండ్లికి అమ్మినం" అని తండ్రి చెప్పడం ఇంట్లో జరగదు. అక్కడ జరుగుతుంది.

తెచ్చాక పేర్చడం ఉంది. అది చూసినంత తేలిక కాదు. గునుగును గుప్పెళ్లుగా కట్టి, కాడలు సమంగా కోసి, కొసలను ఎరుపు, నీలం, వంకాయ రంగు నీళ్లలో ముంచి ఆరబెడతారు. ఈ అద్దకం చిన్నపిల్లల పని. రెండు రోజుల దాకా వేళ్లకు రంగు పోదు. తాంబాళంలో గుమ్మడాకులో ఆముదపాకులో పరిచి, మొదటి వరుస తంగేడు. కాడలు లోపలికి, పూలు బయటికి. ఆపైన గునుగు, బంతి, చామంతి, కట్లపూలు, ఏది దొరికితే అది. ఒక్కో వరుసకు కొంచెం కొంచెం లోపలికి జరుగుతూ పోవాలి. అసలు కీలకం బయట కనపడదు. లోపలి గుంతలో తుంచిన ఆకులూ, కోసేసిన కాడలూ గట్టిగా కూరుకుంటూ రావాలి. నింపు చాలకపోతే మూడో వరుసకే పక్కకు ఒరుగుతుంది. ఎక్కువైతే పూలు బయటికి ఉబుకుతాయి. ఒకరు పేరుస్తుంటే ఇంకొకరు నింపాలి, నింపేవాళ్లు తాంబాళం తిప్పుతూ ఉండాలి. చివరికి గుమ్మడి పువ్వులో పసుపు గౌరమ్మ. ఆ పూటకే చెరువులో వదిలేస్తారు. మర్నాడు మళ్లీ కొత్తగా.

ఈ పనిలో మూడు సంగతులు మాకు నచ్చుతాయి. పేర్చే విద్య అమ్మది, తండ్రికి రాదు. కాలేజీ చదువుతున్న కూతురు తల్లి చేతికింద పనిచేస్తుంది, కూతురి చేతికింద తండ్రి ఆకులు తుంచుతాడు. నాయినకు తెలియని పని కూడా ఒకటుందని పిల్లలు చూస్తారు. అది చూడాల్సిన దృశ్యం. ఇంకోటి, సాయంత్రానికి చెరువులో కలిసే వస్తువు గనుక ఎవరూ దాని మీద ఏడాది కోపం పెట్టుకోరు. మూడోది, మాట్లాడక్కర్లేదు. "ఆ పచ్చది ఇటియ్యి", "ఇంకో పిడికెడు నింపు" అన్నంత మాట చాలు. ఆ రెండు మాటల మధ్య మూడో మాట తనంతట తానే వస్తుంది, లేదా రాదు. రాకపోయినా బతుకమ్మ నిలబడుతుంది.

పాశ్చాత్య దేశాల్లో మనస్తత్వ వైద్యులు ఇలా చేతులతో కలిసి పనిచేస్తూ దగ్గరవడాన్ని ఒక పద్ధతిగా మార్చుకున్నారు. ఇంగ్లండులో పిల్లల వైద్యుడు డొనాల్డ్ వినికాట్ తన దగ్గరికి వచ్చిన పిల్లలను ఎదురుగా కూర్చోబెట్టి ప్రశ్నలు వేసేవాడు కాదు. కాగితం మీద అర్థంలేని గీత ఒకటి గీసి ఇచ్చేవాడు. పిల్లవాడు దాన్ని కుక్కో, కొండో చెయ్యాలి. తర్వాత పిల్లవాడు గీస్తాడు, డాక్టరు పూర్తిచేస్తాడు. ఆ ఆటలో పెద్దాయన కూడా తికమక పడాల్సిందే. అదే పిల్లలకు ధైర్యం. అమెరికాలో హెలెన్ లాండ్‌గార్టెన్ కుటుంబాలకు చిత్రలేఖనంతో చికిత్స చేసే పద్ధతి మీద 1987లో పుస్తకం రాశారు. ఆమె కుటుంబసభ్యులందరికీ ఒకే కాగితం ఇచ్చి, ఒక్కొక్కరికి ఒక్కో రంగు ఎంచుకోమనేవారు. మాట్లాడకుండా కలిసి బొమ్మ వెయ్యాలి. ముగిశాక చూస్తే ఎవరు ముందు మొదలుపెట్టారో, ఎవరు మూలకు జరిగారో, ఎవరి గీత మీద ఎవరు గీశారో రంగులే చెబుతాయి. మన ఇళ్లలో ఆ కాగితం పెడితే మూడొంతులు నాన్న రంగే ఉంటుందని మా అనుమానం. మిగిలిన వొంతులో అమ్మ, పిల్లలు సర్దుకుని ఉంటారు.

అక్కడ వైద్యులు వెతికి పట్టుకున్నదాన్ని ఇక్కడ ఆడవాళ్లు ఏ పేరూ పెట్టకుండా చేస్తూ వచ్చారు. పైగా ఆ వైద్యులకు తట్టని ఒక మెళకువ ఈ పండుగలో ఉంది. ఎంగిలిపూలతో మొదలై అటుకులు, ముద్దపప్పు, నానబియ్యం, అట్లు అయ్యాక ఆరో రోజు అలిగిన బతుకమ్మ. చాలా ఊళ్లలో ఆ రోజు బతుకమ్మను పేర్చరు, నైవేద్యం పెట్టరు. ఎందుకు అలిగిందో ఊరికో కథ చెబుతారు. ఎవరూ బతిమాలరు, ఎవరూ తిట్టరు. ఏడో రోజు పొద్దున మళ్లీ పూలకు పోతారు. తొమ్మిది రోజుల సంబరంలో అలకకు ఒక రోజు కేటాయించినవాళ్లకు కుటుంబం అంటే ఏమిటో బాగా తెలుసు. మనం పిల్లల అలకను ఒక్క పూట కూడా ఓర్చుకోం. మొహం మాడ్చుకుంటే "ఏమైంది" అని పదిసార్లు అడుగుతాం, పదకొండోసారి కోప్పడతాం. పెద్దల అలక సంగతి చెప్పనే వద్దు, అది నెలలు సాగుతుంది. ఒక్క రోజు వదిలెయ్యడం, మర్నాడు ఏమీ జరగనట్టు "రా, పూలు తెద్దాం" అని పిలవడం నేర్చుకుంటే చాలా ఇళ్లు తెరిపిన పడతాయి.

పూలతో అన్నీ బాగవుతాయని చెప్పడం మా ఉద్దేశం కాదు. తాగొచ్చి కొట్టే తండ్రి ఉన్న ఇంట్లో పిల్లలకు కావలసింది తాంబాళం కాదు, రక్షణ. 2018 సెప్టెంబరులో మిర్యాలగూడలో పట్టపగలు జరిగిన హత్యను నల్లగొండ జిల్లా మరిచిపోలేదు. కూతురు కులం కాని అబ్బాయిని పెళ్లి చేసుకుందని అల్లుణ్ణి చంపించాడన్న కేసులో కన్నతండ్రే ప్రధాన నిందితుడు. తీర్పు రాకముందే ఆయనా పోయాడు. పరువు అనేది బిడ్డ కంటే పెద్దదైన చోట ఏ కళా పనిచెయ్యదు. మేం చెబుతున్నది అంత దూరం పోని ఇళ్ల గురించి. తిట్టుకోనూ లేదు, కలవనూ లేదు అన్నట్టు ఉండే ఇళ్లు. అవే ఎక్కువ.

ఇంకో మాట కూడా ఉంది. ఈ మధ్య కాలనీల్లో, అపార్ట్‌మెంట్లలో పెద్ద బతుకమ్మకు మొదటి బహుమతి, రెండో బహుమతి అంటూ పోటీలు పెడుతున్నారు. స్టేజీ మీద జడ్జీలు, మెడలో కండువాలు. మార్కులు లేని ఒక్క పనికి కూడా మార్కులు పెట్టేదాకా మనకు నిద్ర పట్టదు కాబోలు. పోటీ అనగానే తల్లి పిల్లల చేతిలోంచి పూలు లాక్కుంటుంది, "నువ్వు వంకర పెడ్తున్నవ్, జరుగు" అంటుంది. ఇక అది హోంవర్కుతో సమానం. నిర్వాహకులకు మా విన్నపం: డబ్బుంటే పిల్లలకు సద్దులు పంచండి, బహుమతులు ఆపండి.

బతుకమ్మే కానక్కర్లేదు. సంక్రాంతికి వాకిట్లో ముగ్గు, వినాయక చవితికి చెరువు మట్టితో బొమ్మ, తాతగారి పాత మగ్గం మీద ఒక చేతిరుమాలు, ఏదైనా సరే. ముస్లిం ఇళ్లలో రంజాన్‌కు మెహందీ ఉంది. పెట్టించుకునే చెయ్యి తండ్రిదైతే ఇంకా మంచిది. షరతు ఒక్కటే, పెద్దవాళ్లు మేస్త్రీ కాకూడదు. దిద్దే అలవాటును ఆ కాసేపైనా పక్కన పెట్టాలి. ఇది చెప్పినంత సులువు కాదని తెలుసు. ముప్పై ఏళ్లు పనిచేసిన చెయ్యి తప్పు చూస్తే ఊరుకోదు.

దసరా సెలవుల్లో పిల్లలు ఇంట్లోనే ఉంటారు. పూలకు వాళ్లను ఒంటరిగా పంపకండి, వెంట వెళ్లండి. దారిలో మార్కుల సంగతి ఎత్తకండి. పేర్చేటప్పుడు నింపే పని మీరు తీసుకుని, పూలు పెట్టే పని వాళ్లకు ఇవ్వండి. ఒక పక్కకు ఒరిగితే ఒరగనివ్వండి. వాళ్లు అటు తిరిగాక మాత్రం దాన్ని మళ్లీ సరిచెయ్యకండి.